శుక్రవారం వాయిదా

అమ్మ వస్తోందండీ. రెండే మాటలు. ఈ రెండు మాటలు చెప్పడానికే మామయ్య నన్ను కోర్టుకి పంపాడు. నువ్వేం భయపడకు, ఎవరైనా అడిగితే అమ్మ వస్తోందండీ అను, అంతే, ఈలోగా నేను అక్కని స్కూటర్ మీద ఎక్కించుకుని వచ్చేస్తా అన్నాడు. అప్పటినుంచీ లోపల్లోపల అదే అనుకుంటున్నాను, బస్సులో అనుకున్నాను, కోర్టు మెట్లెక్కుతూ అనుకున్నాను, ఇప్పుడీ వరండాలో బల్ల చివర బడి సంచీ ఒళ్ళో పెట్టుకుని కూర్చుని అనుకుంటున్నాను. అనుకున్నకొద్దీ మాటలు చప్పరించిన బిళ్ళలా పలచబడిపోతున్నాయి, అమ్మ వస్తోందండీ, అమ్మొస్తోందండీ, చివరికి అర్థం జారిపోయి ఉత్త చప్పుడు మిగులుతోంది. లోపల ఉన్న జడ్జిగారు ఆడావిడ. మేడమ్ అనాలేమో. నేను అలవాటు కొద్దీ టీచర్ అనేస్తాను, నాకు తెలుసు, అందరూ నవ్వుతారు. నోట్లో నాలుక లేని పిల్ల అని అమ్మ నా గురించి అందరికీ చెబుతుంది, ముద్దుగానే చెబుతుంది. క్లాసులో హాజరు పిలిచినా చెయ్యెత్తుతానే తప్ప పలకను, మా తెలుగు మాస్టారు ఒకసారి తల ఎత్తకుండా నేను రాలేదని వేసేశారు, పక్కపిల్ల చెప్పాక కొట్టేసి దిద్దారు. ఇక్కడ అలా దిద్దుతారో లేదో. తలుపు పక్కన బంట్రోతు నిలబడి ఉన్నాడు, కాగితం చూసి ఒక్కో పేరూ మూడుసార్లు పిలుస్తాడు, పిలిచేటప్పుడు ఎవరి ముఖమూ చూడడు, వరండా అవతల ఉన్న గోడకి చెబుతున్నట్టు పిలుస్తాడు, మూడోసారి అయ్యాక ఇంకో పేరు మీదికి వెళ్ళిపోతాడు, పలకని మనిషి ఏమైపోయాడో అతనికి అక్కర్లేదు.

ఎదురు బల్ల మీద నాన్న, నానమ్మ, వాళ్ళిద్దరి మధ్య నా తమ్ముడు. ఇంట్లో వాణ్ని పిడుగు అంటాం, పుట్టినప్పుడు ఆసుపత్రి లేచిపోయేలా ఏడ్చాడని మామయ్య పెట్టిన పేరు. ఇవాళ కొత్త చొక్కా వేశారు, కాలరు లోపల ఉండే గట్టి అట్ట తీయడం మర్చిపోయారు, వాడు మాటిమాటికీ మెడ తిప్పుతున్నాడు, అది గుచ్చుకుంటోందని ఇక్కడినుంచే నాకు తెలుస్తోంది, లేచి నాలుగడుగులు వేస్తే తీసెయ్యొచ్చు, కానీ ఆ నాలుగడుగులూ నాన్న చూస్తుండగా వెయ్యాలి. అమ్మా నాన్నా విడిపోయినప్పుడు మేమిద్దరం అమ్మ దగ్గరే ఉన్నాం. పోయిన వేసవి సెలవుల్లో కొన్నాళ్ళుంచుకుని పంపిస్తానని నాన్న వాణ్ని తీసుకెళ్ళాడు, బడులు తెరిచినా పంపలేదు. ఆడపిల్ల నీకు, మగపిల్లాడు మాకు, సమానంగానే పంచుకున్నాం కదా అందట నానమ్మ, గిన్నెలూ చెంబులూ పంచుకున్నట్టు. అందుకే ఈ పిటిషను. పిల్లాణ్ని తల్లికి అప్పగించాలని అమ్మ వేసిన పిటిషను. అది తేలేదాకా ఆదివారాలు అమ్మ వాణ్ని చూడొచ్చని జడ్జిగారు ఆర్డరిచ్చారు. నాన్నకి ఎక్కడో దూరపు ఊరికి బదిలీ అయింది, సామాను కట్టి పెట్టుకున్నారు, ఆదివారాల ఆర్డరు అడ్డం ఉంది కాబట్టే ఇంకా కదల్లేదు. ఈ శుక్రవారం పిల్లాణ్ని తీసుకురండి, వాడితో నేనే మాట్లాడతాను, తల్లి కూడా ఉండాలి, పోయిన రెండుసార్లూ ఆవిడ రాలేదు, ఈసారి రాకపోతే ఊరుకోను అన్నారట జడ్జిగారు. ఆ రెండుసార్లూ అమ్మకి సెలవు దొరకలేదు. అమ్మ ఊరి బయట మందుల ఫ్యాక్టరీలో ప్యాకింగులో పనిచేస్తుంది, అక్కడ ఒక మనిషి లేకపోతే లైనంతా ఆగుతుంది, అమ్మ రాకపోతే ఇక్కడ ఏదీ ఆగదు.

ఆదివారాలు నేనూ వెళ్ళేదాన్ని. నాన్నవాళ్ళ ఇంటి ముందుగదిలో కుర్చీలు వేసేవాళ్ళు, మేము చుట్టాల్లా కూర్చునేవాళ్ళం, లోపలి గది తలుపు సగం తెరిచి నానమ్మ వింటూ ఉండేది. మొదట్లో పిడుగు అమ్మ మెడ వదిలేవాడు కాదు. తర్వాత మెడ వదిలి చెయ్యి పట్టుకున్నాడు. తర్వాత చెయ్యి కూడా వదిలి, వాడి కారు బొమ్మ అమ్మ కాలి చుట్టూ తిప్పుతూ ఆడుకునేవాడు, అమ్మ పాదం వాడికి ఒక మలుపు. కిందటి ఆదివారం అమ్మ చెప్పులు విప్పుతోంది, నేను ముందు లోపలికి వెళ్ళాను, వాడు నన్ను చూసి, మీ అమ్మ రాలేదా అన్నాడు. అమ్మ రాలేదా అనలేదు. మీ అమ్మ. నానమ్మ అలాగే అంటుంది కదా, మీ అమ్మ ఇలా, మీ అమ్మ అలా, వాడికి అదే అలవాటైంది, చిన్నపిల్లాడు, వాడి తప్పేం లేదు. అమ్మ విన్నదో లేదో నాకు ఇప్పటికీ తెలియదు. చెప్పులు విప్పడానికి చాలాసేపు పట్టింది ఆ రోజు.

బంట్రోతు ఎవరినో పిలిచాడు. మాది కాదు. నా కాళ్ళు వాటంతట అవే ఒకదానికొకటి రాసుకుంటున్నాయి. ఇదంతా ఒక్క మాట వల్ల వచ్చింది. జడ్జిగారు సెలవులో ఉన్నారని విని, శుక్రవారం కేసు ఉందో లేదో కనుక్కోమని అమ్మ మామయ్యకి చెప్పింది. మామయ్య ఇళ్ళకి రంగులు వేస్తాడు, ఎక్కడో నిచ్చెన మీద ఉండి మా ప్లీడరమ్మగారి గుమాస్తాకి ఫోన్ చేశాడు, శుక్రవారం సంగతేంటండీ అన్నాడు, శుక్రవారం వాయిదా బాబూ అన్నాడు గుమాస్తా. సాయంత్రం మామయ్య ఇంటికొచ్చి, చేతులకి అంటిన రంగు కిరోసిన్‌తో తుడుచుకుంటూ, అక్కా శుక్రవారం వాయిదా అంట అన్నాడు. ఒక్క అక్షరం మార్చలేదు, పోస్టులో వేసినట్టు మాట మాటగా తెచ్చి ఇచ్చాడు. అమ్మయ్య, అయితే సెలవు పెట్టక్కర్లేదు, మళ్ళీ ఆ సూపర్‌వైజరు కాళ్ళు పట్టుకునే పని తప్పింది అంది అమ్మ. ఆ పూట అందరం తేలిగ్గా అన్నం తిన్నాం. మామయ్య సూపర్‌వైజరు నడకని అనుకరించి చూపించాడు, అమ్మ పొలమారేలా నవ్వింది. ఇవాళ పొద్దున నేను బడికి బయల్దేరుతుంటే ఇంట్లో ఉన్న పాత ఫోన్ మోగింది, గుమాస్తా, ఎక్కడున్నారమ్మా, కోర్టు కూర్చునే వేళైంది అన్నాడు. వాయిదా అన్నారు కదండీ అన్నాను. అవునమ్మా, వాయిదానే, అందుకే రమ్మంటున్నాను అన్నాడు. అప్పటికీ నాకు అర్థం కాలేదు, ఫోన్ పట్టుకుని అలా నిలబడ్డాను, తేరుకుని మామయ్యకి ఫోన్ చేసి చెప్పాను. మా తెలుగు మాస్టారు నానార్థాలు రాయిస్తారు, ఒకే పదానికి వేరువేరు అర్థాలు, నాకెప్పుడూ వాటిలో పూర్తి మార్కులే. వాయిదా: కేసు విచారించే రోజు. వాయిదా: ఆ రోజు కేసు విచారించకపోవడం. ఒకే మాట రమ్మనీ అంటుంది, రావద్దనీ అంటుంది. కోర్టులో ఉండే మనిషికి మొదటిది, కోర్టు నుంచి ఎన్నోసార్లు ఊరికే వెనక్కి వచ్చిన మనిషికి రెండోది. పరీక్షలో ఈ పదం ఎందుకు రాలేదో.

ఇంటి నుంచి తెచ్చుకున్న ఆ ఫోన్ సంచీలో వణికింది. మామయ్య. చెయ్యి అడ్డం పెట్టుకుని గుసగుసగా మాట్లాడాను. "గేటు దగ్గరే ఉన్నానే. లోపలికి పంపట్లేదు. అక్క పేరు చెబితే ఈ వాచ్‌మన్, ఇక్కడ పేర్లు ఎవరికి తెలుసయ్యా, ఏ రంగు టోపీయో చెప్పు అంటాడు. ఏ రంగు టోపీయే?" నీలం, అన్నాను, ప్రతి ఆదివారం రాత్రి దాన్ని ఉతికేది నేనే కదా. "నీలమంట అన్నా, నీలం," అని అరిచాడు మామయ్య అవతలెవరితోనో, "ఎంతమంది? అరవై మందా? అరవై మందీ నీలమేనా?" ఫోన్ కట్టయింది. అమ్మ ఫోన్ ఆ గేటు దగ్గరే ఒక అరలో తాళం వేసి ఉంటుంది, మామయ్యకి చెయ్యి చాపితే అందేంత దూరంలో, పొద్దున్నుంచీ మేము చేసిన ఫోన్లన్నీ ఆ అరలోనే మోగి ఉంటాయి. లోపల అమ్మ ముక్కూ నోరూ కప్పుకుని, చేతులకి తొడుగులేసుకుని, తన ముందుకి వచ్చే డబ్బాల్లో ఒక్కో కాగితం మడిచి పెడుతుంటుంది, ఇవాళేమీ లేదనే నమ్మకంతో, చక్కగా.

అప్పుడు పిలిచాడు బంట్రోతు. అమ్మ పేరు, ఇంటిపేరుతో సహా, మూడుసార్లు. అమ్మని అలా పూర్తిగా ఎవరూ పిలవరు, ఎవరో కొత్తావిడ పేరులా ఉంది. నేను లేచాను, ఒళ్ళోంచి సంచీ కిందపడింది, అది ఎత్తుకునేలోపే మా ప్లీడరమ్మగారు ఎక్కణ్నుంచో నల్లకోటు ఎగరేసుకుంటూ వచ్చి లోపలికి దూరారు, కాసేపాగి పిలవండి మేడమ్, పార్టీ దారిలో ఉన్నారు అన్నారు, సరే అన్నారు జడ్జిగారు, అంతే, అయిపోయింది. ఎంత తేలిగ్గా చెప్పారో. పార్టీ దారిలో ఉన్నారు. నా రెండు మాటలూ ఆవిడే చెప్పేశారు కదా, ఇక నాకు పనిలేదు అనిపించి ప్రాణం లేచొచ్చింది. ఆవిడ నా భుజం మీద తట్టి, పై అంతస్తులో నాకింకో కేసుందమ్మా, పది నిమిషాల్లో వస్తా, అమ్మ రాగానే లోపల కూర్చోబెట్టు అని మెట్ల వైపు వెళ్ళిపోయారు. ఆవిడ చెప్పుల చప్పుడు పైకి, ఇంకా పైకి వెళ్ళడం విన్నాను. చప్పుడు ఆగిపోయాక మళ్ళీ నేను ఒక్కదాన్నే.

"మూగమ్మా, మీ అమ్మకి కన్నకొడుకు కన్నా డ్యూటీ ఎక్కువైందా?" అంది నానమ్మ ఎదురు బల్ల మీంచి, వరండా అంతా వినపడేలా. నా చిన్నప్పుడు నాకు జడలు వేసింది ఈవిడే, బిగించి వేసేది, కళ్ళు పైకి లాక్కుపోయేవి, కానీ సాయంత్రందాకా ఒక్క వెంట్రుక ఊడేది కాదు. నాన్న, ఊరుకోమ్మా అన్నాడు విసుగ్గా, తర్వాత నావైపు చూసి, ఎనిమిదో తరగతా ఇప్పుడు అన్నాడు. పదో తరగతి. పెదాలు కదిపాను, మాట రాలేదు, నాన్న అవునన్నానేమో అనుకుని తల ఊపాడు, ఇక నాన్న దగ్గర నేను ఎనిమిదో తరగతిలోనే ఉండిపోతాను. పిడుగు బల్ల దిగి నా దగ్గరికి వచ్చాడు. నాన్న ఆపలేదు. నేను వాడి కాలరు మడత విప్పి ఆ అట్టముక్క లాగేశాను, మెడ మీద ఎర్రగా గీత పడింది, బొటనవేలితో రాశాను. అక్కా, మా కొత్త ఇంటి పక్కన రైళ్ళు వెళతాయంట, నువ్వూ వచ్చి చూడు అన్నాడు. వస్తాలే అన్నాను. ఎప్పుడొస్తావు? సెలవులకి. సెలవులకి అనగానే నాకే భయమేసింది, వాడూ సెలవులకనే కదా వెళ్ళాడు. జడ్జిగారు అడిగితే ఏం చెబుతావురా అని అడగాలనుంది. వాడేం చెబుతాడో అని భయం. అమ్మ దగ్గరుంటానను అని నేర్పించాలా? నానమ్మ నేర్పించే ఉంటుంది ఏదో ఒకటి. వాడు నా సంచీ జిప్పు తీస్తూ వేస్తూ నిలబడ్డాడు, తల దగ్గర కొత్త సబ్బు వాసన, మా ఇంటి సబ్బు కాదు.

ఫోన్. "వచ్చేసిందే అక్క, స్కూటరెక్కింది, బయల్దేరాం, చెప్పు వాళ్ళకి." వెనకాల గాలి, అమ్మ గొంతు, ఏమంటోందో తెలియలేదు, పోనీ పోనీ అంటోందేమో. నేను లెక్కేసుకున్నాను, ఫ్యాక్టరీ నుంచి ఇక్కడికి లారీలు తిరిగే రోడ్డు, రైల్వే గేటు ఒకటుంది, గేటు పడితే చచ్చామే. తెరిచి ఉంటే ఇప్పుడు పెట్రోలు బంకు దాటుంటారు, ఇప్పుడు ఆ పెద్ద మలుపు, స్కూటరుని నా కళ్ళతో నెట్టుకుంటూ తీసుకొస్తున్నాను, మధ్యమధ్యలో గేటు దగ్గరే ఆగిపోతోంది, మళ్ళీ మొదట్నుంచి నెట్టుకొస్తున్నాను. ఇంకా వాళ్ళు చింతపిక్కంత కూడా కనపడని దూరంలో ఉండగానే బంట్రోతు మళ్ళీ అమ్మ పేరు పిలిచాడు. మొదటిసారి. మెట్ల వైపు చూశాను, ప్లీడరమ్మగారు లేరు. అప్పుడే వరండాలోకి వచ్చిన గుమాస్తా చేతిలో కాగితాల కట్ట బల్ల మీద పడేసి ఆవిడ కోసం పైకి పరిగెత్తాడు. రెండోసారి. నాన్న పిడుగు చెయ్యి పట్టుకుని లోపలికి వెళ్ళాడు. మూడోసారి. నేనూ వెళ్ళాను. ఎలా వెళ్ళానో తెలియదు, గడప దాటడం మాత్రం గుర్తుంది, లోపల ఫ్యాను తిరుగుతోంది, కాగితాల మీద బరువులు పెట్టి ఉన్నాయి.

పిటిషనర్? అన్నారు జడ్జిగారు. ఆవిడ తల ఎత్తి, అద్దాలు సర్దుకుని, మళ్ళీ తల దించబోయారు, ఆ దించబోయే క్షణంలో నాలోంచి బయటికి వచ్చింది, "అమ్మ వస్తోందండీ." వచ్చింది. గట్టిగానే వచ్చింది. టీచర్ అనలేదు, తడబడలేదు, గదిలో అందరూ నావైపు తిరిగారు. ఇంత పెద్ద గొంతు నాకుందని నాకే తెలియదు. నా పని అయిపోయింది, ఇక అన్నీ ఆగుతాయి అనుకున్నాను, నిజంగా అనుకున్నాను.

"ఎవరమ్మా నువ్వు?"

"కూతుర్నండీ. బయల్దేరిందండీ. స్కూటర్ మీద."

"ప్రతిసారీ బయల్దేరుతూనే ఉన్నారు మేడమ్," అన్నాడు నాన్న తరఫు ప్లీడరు, "చేరడమే లేదు." వెనక ఎవరో నవ్వారు. పిడుగు కూడా నవ్వాడు, అందరూ నవ్వుతున్నారు కదా అని.

జడ్జిగారు నవ్వలేదు. ఆవిడ కోపంగా కూడా లేరు, అలసిపోయినట్టున్నారు, మా ఊరి నుంచి వచ్చే ఆఖరి బస్సు కండక్టరులా. "చూడు తల్లీ, నువ్వు చెప్పడం కుదరదు, నువ్వు ఈ కేసులో మనిషివి కాదు. మీ అమ్మ రావాలి, లేకపోతే మీ ప్లీడరు ఉండాలి. ఒకసారి ఆగాను కదా." నేను ఈ కేసులో మనిషిని కాదు. పిడుగు నా తమ్ముడు, వాడికి పాలు చల్లార్చి పట్టింది నేను, వాడి మొదటి పన్ను ఊడితే దాచింది నేను, కానీ మనిషిని కాదు. ఇంకేమైనా చెప్పాలి, వాయిదా అనే మాటకి రెండు అర్థాలున్నాయండీ అని చెప్పాలి, అదే అసలు సంగతి, అది చెబితే ఆవిడకి అర్థమవుతుంది, చదువుకున్నావిడ, కానీ మామయ్య నేర్పింది రెండు మాటలే, అవి అయిపోయాయి. ఆవిడ ఇంగ్లీషులో ఏదో చెప్పారు, పక్కన ఒకాయన టైపు కొట్టాడు. డిస్మిస్ అనే మాట తెలిసింది. డిఫాల్ట్ అనే మాట కూడా తెలిసింది, కంప్యూటరు పీరియడ్‌లో చెప్పారు, మనం ఏదీ ఎంచుకోకపోతే దానంతట అదే ఉండిపోయేది డిఫాల్ట్. పిడుగుతో ఎవరూ ఏమీ మాట్లాడలేదు. ఎవరి దగ్గరుంటావని ఎవరూ అడగలేదు. ఆదివారాల సంగతేంటి మేడమ్ అన్నాడు ఆ ప్లీడరు, పిటిషనే లేనప్పుడు ఇంకా ఆర్డరెక్కడిది అన్నారు జడ్జిగారు, తర్వాతి కాగితం తీశారు.

బయటికి వచ్చేసరికి గుమాస్తా మెట్ల మీంచి ఒక్కడే దిగుతున్నాడు, రొప్పుతూ. నా ముఖం చూసి తెలుసుకున్నాడు. మళ్ళీ తెరిపించమని ఇంకో పిటిషను వేసుకోవచ్చమ్మా, ఇది చివరేం కాదు అన్నాడు. ఎన్నాళ్ళు పడుతుందండీ? దానికీ వాయిదాలుంటాయి కదా అన్నాడు. అనేసి, తన నోట్లోంచి ఏ మాట వచ్చిందో అప్పుడు విన్నట్టు ఆగిపోయి, అద్దాలు తీసి చొక్కా అంచుతో తుడవడం మొదలుపెట్టాడు. మెట్ల దగ్గర నాన్న వెనక్కి తిరిగి, ఇంటికెలా వెళతావు, బస్సుకి డబ్బులున్నాయా అన్నాడు. తల ఊపాను. ఆ మంచితనానికి నాకు ఏడుపొచ్చింది. పిడుగు మెట్లు రెండేసి చొప్పున గెంతుతూ దిగాడు, రైలు రైలు అని పాడుకుంటున్నాడు, కింద ఎండలోకి వెళ్ళాక వాడి కొత్త చొక్కా మరీ తెల్లగా మెరిసింది, తర్వాత బండి చాటైపోయింది.

బల్ల మీద కూర్చున్నానో నిలబడ్డానో తెలియదు. అమ్మ వచ్చింది. పరిగెత్తుకుంటూ వచ్చింది, జుట్టు చెదిరి ఉంది, నుదుటి మీద టోపీ అంచు నొక్కుకున్న గీత ఇంకా పోలేదు, ఒక చేతికి తొడుగు అలాగే ఉంది. "స్కూటరు పెట్టొస్తున్నాడు మామయ్య. పిలిచారా?" అంది, నేను నోరు తెరిచేలోపే బంట్రోతు తలుపు దగ్గరికి వచ్చి ఎవరిదో పేరు పిలిచాడు, అమ్మ ఉలిక్కిపడి లేచి నిలబడి, ఆ పేరు పూర్తిగా విని, మనది కాదులే అని ఊపిరి వదిలి బల్ల మీద కూర్చుంది. "ఇంకా పిలుస్తూనే ఉన్నారు. అందుకున్నాం. దేవుడున్నాడే." చేతి తొడుగు అప్పుడు చూసుకుని వేలు వేలుగా లాగి తీసింది, కొంగుతో మెడ తుడుచుకుంది, జుట్టు వెనక్కి దువ్వుకుంది అరచేతులతో, కొడుకు చూస్తాడు కదా. తలుపు తెరుచుకున్నప్పుడల్లా నిటారుగా అవుతోంది. బంట్రోతు పెదాలనే చూస్తోంది. నాకు ఇప్పుడు ఎన్ని మాటలైనా వస్తాయి, ఒక్కసారి అలవాటైన గొంతు కదా, ఒక్కటీ వాడుకోవడానికి పనికిరాదు.

"అలా నిలబడ్డావేం, కాళ్ళు నొప్పెట్టవూ?" అంది అమ్మ, బల్ల మీద కొంచెం జరిగి, నాకు చోటిచ్చింది.

కూర్చున్నాను.